ఇంటి రాళ్లు

ఫసలీ 1350, ఫాల్గుణం. సోమవారం.

రోడ్డుకు కంకర కొట్టి గుట్ట ఎక్కి వచ్చేసరికి కూలీ లైన్ల ఇళ్లన్నీ జాతరలా ఉన్నాయి. గని మళ్లీ తెరుస్తారట. పట్నం నుంచి సర్వే సాబ్ వస్తున్నాడట. లడాయి వల్ల బంగారం ధర పెరిగింది, ఎవరికో పాత గనుల మీద మనసయింది. బుచ్చన్న మామ గడ్డం గీయించుకుని అరుగు మీద కూర్చున్నాడు. కంపెనీ రోజుల్లో గనికి ఆయనే మేస్త్రి. తాళ్లూ మనుషులూ ఆయన చేతి కింద. గని మూసినప్పటి నుంచీ మేకలు కాస్తున్నాడు. ఇవాళ మళ్లీ మేస్త్రి.

"నర్సిగా, ఇగ గా సుత్తె అవతల పారెయ్యిరా" అన్నాడు.

పారేయలేదు. చేతిలో పట్టుకునే ఇంటికి వచ్చాను.

మంగళవారం.

 రొట్టె మాడింది. అమ్మ చేతిలో రొట్టె మాడదు.

బుధవారం.

వీళ్లకు మతి ఉందా అని. కంపెనీ దొరలు పోయేటప్పుడు ఇనుమంతా బండ్లకెత్తుకున్నారు. రేకులు, గొలుసులు, ఆఖరుకు గంట కూడా. తాడు చక్రాన్నీ, తుప్పు తొట్టినీ, మనుషుల్నీ మాత్రం గుట్ట మీదే వదిలేశారు. పైన పంట లేదు, కింద బంగారం లేదు. దొరల బంగళాలో ఇప్పుడు మేకలు ఈనుతాయి. ఆ చివరి ఏడే గనిలో గోడ కూలి బాపు పోయాడు. తలుపు చెక్క మీద మోసుకొచ్చారు. నేను కాళ్ల వైపు పట్టుకున్నాను. అదే గని తెరుస్తారంటే పక్క లైను ఎల్లమ్మత్త వీధిలో చక్కెర పంచింది. నా చేతిలోనూ పోసింది. తినలేదు. చీమలు తిన్నాయి.

గురువారం.

బుచ్చన్న మామ ఇంటికొచ్చాడు. నేరుగా అమ్మతోనే మాట కలిపాడు. అన్న వరస కదా.

"చెల్లె, రివాజు నీకెరికే. గని ఆఖరికి మీ ఇంటినే ముట్టింది. తిన్న ఇంటిని మల్ల తినదు. మొదలు దిగేది మీ ఇంటోడే గావాలె."

ఇది మా గుట్ట మీది చట్టం. వానలకు మూసి, మళ్లీ తెరిచినప్పుడల్లా, గని చివరగా ఎవరిని మింగిందో ఆ ఇంటివాడు ముందు దిగాలి. వాడు బతికి పైకొస్తే మిగతావాళ్లు దిగుతారు. ఎంత మంచి చట్టం! ఏడ్చే ఇంటినే వెతుక్కుంటూ వస్తుంది.

"నా కొడుకులను అడుగు అన్నా" అన్నది అమ్మ. అంతే.

నేను లేచి నిలబడ్డాను. "నేను దిగ. గా రివాజేదో నీ మేకలకు చెప్పుకో మామా."

"నేను దిగుత" అన్నాడు మల్లయ్య.

నా తమ్ముడు. మొన్న మొన్న మీసం వచ్చింది, దాన్ని దువ్వడానికే పొద్దు చాలదు. వాడి చెంప పగలగొడదామని వెళ్లాను. వాడు కదల్లేదు. కళ్లలోకి చూసి—

"ఎన్ని రోజులు నీ సుత్తె కూడు తినాల్నే అన్నా?"

చెయ్యి దిగిపోయింది. కోపం మాత్రం దిగలేదు.

శనివారం.

ఊరి పెద్దలు ఒక ఉపాయం చేశారు. ఉపాయమట! గని ఉన్న కాలంలో దిగిన ప్రతివాడూ ఏదో ఒకనాడు తలగుడ్డలో ఒక రాయి దాచుకుని తెచ్చాడు. తెల్లరాయి, లోపల బంగారు నలుసులు మెరుస్తాయి. అమ్మితే జైలు. అందుకని దేవుని గూట్లో పెట్టుకున్నారు. ఇంటి రాయి అంటారు. మా లైన్లలో ఇంటి రాయి లేని ఇల్లు లేదు. ఇప్పుడు ఆ రాళ్లన్నీ తీసుకుపోయి గని వాకిట్లో ఉన్న రాళ్లగుట్ట మీద చల్లుతారట. సాబ్ ఏది ఏరినా బంగారమే కనపడాలట.

ఎల్లమ్మత్త మా రాయికీ వచ్చింది. బాపు తెచ్చిన రాయి. అమ్మ ఇవ్వనంది.

"ఊరందరి రాళ్లొస్తుంటే నీ రాయికి మొక్కులేమన్న బాకీ ఉన్నయా?"

"నా రాయి నా ఇంట్ల ఉంటది. కొడుకును అడిగిన్రు, ఇచ్చిన. ఇంకేం గావాలె నీకు?"

ఎల్లమ్మత్త నోరు మూసుకుని వెళ్లడం నేను పుట్టి ఇదే చూడటం.

సోమవారం.

సాబ్ దిగాడు. లావుపాటి మనిషి, మెత్తటి గొంతు, నోట్లో ఎప్పుడూ పాన్. కొత్తకోట నుంచి అతని డేరా, మంచం, కుర్చీ, పెట్టెలు అన్నీ మా భుజాల మీదే వచ్చాయి. వెట్టి. పటేలు కేక వేస్తే పోవాలి, కూలి అడిగితే నాలుక తెగుతుంది. డేరా గుంజ నా భుజం చర్మం లేపింది. రేపటి నా రోడ్డు కూలి కూడా పోతుంది. వీళ్లందరికీ సంతోషమే. సాబ్ మంచం మోసే భాగ్యం దొరికింది కదా!

మంగళవారం.

లాంతరు తాడుకు కట్టి గనిలోకి దింపారు. కొంత దూరం పోయాక ఆరిపోయింది. పైకి లాగి, మళ్లీ వెలిగించి దింపారు. మళ్లీ ఆరింది. నేను మల్లయ్య ముఖం చూశాను. వాడు లాంతరు వైపు చూడటం లేదు, సాబ్ బూట్ల వైపు చూస్తున్నాడు.

"లోపల గాలి మురిగింది. వేపమండలు కట్టి ఆడిస్తే సాఫ్ అయితది" అన్నాడు బుచ్చన్న మామ.

మండలు కట్టారు. దింపడం, లాగడం. సాయంత్రానికి లాంతరు ఇంకొంచెం లోతుకు పోయి ఆరింది. అందరూ ఈలలు వేశారు.

శుక్రవారం మల్లయ్య దిగుతాడట.

గురువారం.

ఆడవాళ్లు పేడ ఏరే వంకతో గంపలెత్తుకుని రాళ్లగుట్ట మీద తిరిగారు. గంపలలోంచి ఇంటి రాళ్లు ఒక్కొక్కటే జారాయి. తుడిచారు, పైన మట్టి రుద్దారు. నేను దూరం నుంచి చూస్తున్నాను, నోట్లో తిట్లు నములుతూ. సాబ్‌కు పోయి చెప్పెయ్యాలని మూడడుగులు వేసి ఆగాను. చెబితే పటేలు ఊరందరి వీపులూ చీరేస్తాడు. ఎల్లమ్మత్త వీపు కూడా.

మల్లయ్య రొట్టె ముక్క సగం తిని లేచాడు. ఆకలి లేదన్నాడు. ఎందుకుంటుంది.

శుక్రవారం.

 రాస్తాను. ఇవాళ రాయకపోతే పిచ్చెక్కుతుంది.

పొద్దున్నే గని మైసమ్మకు బోనం. మేక తెగింది. మల్లయ్యకు తలంటు పోసి, కొత్త గోచి, నొసట బొట్టు. పెళ్లికొడుకులా ఉన్నాడు వెధవ. అమ్మ గని దగ్గరికి రాలేదు, ఇంట్లో తిరగలి విసురుతోంది. పిండి లేని తిరగలి.

నేను రానన్నాను. వెళ్లాను. తాడు దింపే చక్రం దగ్గర నలుగురుంటే ఒకణ్ణి నెట్టేసి వాడి జాగాలో నిలబడ్డాను. వేరే వాళ్ల చేతుల్ని నేను నమ్మను. 

మల్లయ్య నడుముకు తాడు కట్టారు. ఒక కాలు ఇనుప తొట్టిలో పెట్టాడు. రెండోది ఇంకా నేల మీదే. కింద చీకటి, అందులోంచి చల్లటి గాలి, కుళ్లిన నీళ్ల వాసన.

సాబ్ గొడుగు కింద కుర్చీలో ఉన్నాడు. పాన్‌డబ్బా తెరిచాడు. ఆకుకు సున్నం రాశాడు, చుట్టి నోట్లో పెట్టుకున్నాడు. వేలికి సున్నం మిగిలింది. ఏమీ తోచక కాలి దగ్గరి రాయి ఒకటి తీసుకున్నాడు. మెరుస్తోంది కదా! ముద్దుగా బొటనవేలితో రుద్దాడు.

వేలు ఎర్రబడింది.

ముందు అతనికి అర్థం కాలేదు. తెగిందేమో అనుకున్నాడు, వేలు చూసుకున్నాడు. మళ్లీ రాయి చూశాడు. డబ్బాలోంచి కావాలనే ఇంత సున్నం తీసి రాశాడు. రాయి పారాణి పెట్టినట్టయింది. వంగి ఇంకొకటి తీశాడు. అదీ ఎర్రన. ఇంకొకటి. ఎర్రన.

శుక్రవారం శుక్రవారం పసుపు పూసిన రాళ్లు, సున్నం తగిలితే ఎర్రబడవా! ఇన్నేళ్ల పసుపు రాతి సందుల్లోకి దిగి కూర్చుంది. గుడ్డతో తుడిస్తే పోతుందా? ఊరంతా కలిసి ఆలోచించారు, ఈ ఒక్కటీ ఎవరికీ తట్టలేదు. నాకూ తట్టలేదు, అబద్ధం ఎందుకు.

సాబ్ తన రాతపని చూసే పేష్కారును పిలిచి ఏదో ఉర్దూలో అన్నాడు. పేష్కారు నవ్వాపుకోలేక మా వైపు తిరిగాడు—

"సాబ్ అడుగుతుండు. గీ రాళ్లకు లగ్గం ఎవరు చేసిన్రు?"

 మేకపోతు రక్తం మీద ఈగల చప్పుడు వినపడుతోంది. అప్పుడు వెనక నుంచి ఎల్లమ్మత్త, రోషంగా—

"ఆ చేతిలున్నది నాది సాబ్. వారం తప్పకుండ నేనే పెడత పసుపు. లగ్గం గిగ్గం ఏం లేదు."

అయిపోయింది. ఒక్క మాటతో ఊరు ఊరంతా ఖతం.

సాబ్ నవ్వాడు. పొట్ట ఊగేలా నవ్వాడు, పాన్ అడ్డుపడి దగ్గాడు, కళ్లు తుడుచుకున్నాడు. పటేలు కర్ర ఎత్తితే చెయ్యి అడ్డం పెట్టాడు. తర్వాత గని వైపు చూసి, ఇలా చెయ్యి ఊపి— "ఖోల్ దో."

విప్పండి అని.

నేను చక్రం వదిలేసి దూకాను. మల్లయ్య నడుము దగ్గర ముడి, తడికి బిగిసి రాలేదు. వేళ్లు పని చెయ్యలేదు. పళ్లతో కొరికి లాగాను. వాడి పొట్ట నా ముఖానికి తగిలి ఎగిరెగిరి పడుతోంది, కుక్కపిల్ల పొట్టలా. అప్పటిదాకా వాడికి భయం లేదనుకున్నాను.

ముడి ఊడింది. కాలు తొట్టిలోంచి తీశాడు.

ఇంటికొచ్చాక అమ్మ తిరగలి ఆపింది.

శనివారం.

కంటినిండా నిద్ర. పొద్దెక్కాక లేచాను. ఇల్లంతా ఇంగువ వాసన. అమ్మ పచ్చిపులుసు చేసింది. ఎవరో చచ్చి బతికినట్టు ముగ్గురం ఒక్క పళ్లెంలో తిన్నాం.

సాబ్ నిన్ననే డేరా ఎత్తి కొత్తకోటలో మకాం పెట్టాడు. మళ్లీ మా భుజాల మీదే. ఈసారి గుంజ బరువుగా లేదు. పోతూ పోతూ పేష్కారు అంటున్నాడు: "పైకి ఏం రాయాలె? లగ్గమైన రాళ్లు దొరికినయ్ అని రాయాల్నా?"

రాసుకోండి. ఏదైనా రాసుకోండి.

ఆదివారం.

ఇవాళ రాళ్లగుట్ట మీద యుద్ధం. ఎవరి రాయి వాళ్లు వెతుక్కుంటున్నారు. అన్నీ తెల్లగా, ఒకేలా. నాలుగు మాత్రం సాబ్ సున్నానికి ఎర్రగా.

"గిది నాది. గీ మూలకు పగులు చూడు."

"పగులు నీ నెత్తికున్నది. మా మామ తెచ్చిన రాయి నాకెరుక లేదా?"

"మీ మామ తెచ్చినప్పుడు నువ్వు పుట్టినవా ఏందే!"

ఎల్లమ్మత్త ఒక్కతే ధీమాగా తిరిగింది. ఆమె రాయి ఊరందరికీ తెలుసు ఇప్పుడు, సాబ్ చేతిలోకి పోయి వచ్చిన రాయి. నేను చూసి నవ్వాను. ఎన్ని రోజులకో. పక్కటెముకలు నొప్పి పుట్టాయి.

నవ్వడం తప్పయింది. సాయంత్రం బావి దగ్గర ఎవరో అననే అన్నారు— "నవ్వుతడు మల్ల! గా నర్సిగాడే సాబ్ చెవుల ఊదిండు. తమ్ముడు దిగొద్దని ఊరి నోట్ల మట్టి కొట్టిండు."

కడవ అక్కడే దించి వాడి మీదికి వెళ్లాను. నలుగురు పట్టుకున్నారు. అవును, నాకు సంతోషమే! ఊరికి పని పోయింది, నాకు సంతోషమే. ఏం చేసుకుంటారో చేసుకోండి అని అరిచాను. నీళ్లు లేకుండా ఇంటికొచ్చాను. తప్పు మాటే కావచ్చు. వెనక్కి తీసుకోను.

సోమవారం.

మల్లయ్య నాతో మాట్లాడటం లేదు. దిగకుండానే పైకొచ్చినవాడని పోరగాళ్లు వెక్కిరిస్తున్నారట.

బుధవారం.

దీన్ని ఎలా రాయాలి.

చక్రం విప్పి ఇనుము అమ్ముదామని బుచ్చన్న మామ నలుగురిని పిలిచాడు. నన్నూ పిలిచాడు, ముఖం చూడకుండా. మల్లయ్య వచ్చి అడ్డం నిలబడ్డాడు. "విప్పకముందు ఒక్కసారి దింపి చూపియ్యిన్రి. మనిషెత్తు బరువు. నేను దిగేటోణ్ణే అని అందరికి తెల్వాలె." వాడి రోషం వాడిది. నేను వద్దనలేదు. మనిషి కాదు కదా, రాళ్లే కదా. తొట్టిలో రాళ్లు నింపాం, వాడంత బరువు.

తొట్టి గాల్లోకి లేచింది. చక్రం ఇంత తిరిగింది, ఇంకొంచెం తిరిగింది.

చక్రం మోసే అడ్డ దూలం లోపల చెద. పైకి నల్లగా, గట్టిగా, ఇనుములా కనపడింది. అది అప్పడంలా విరిగింది. చక్రం, తాడు, తొట్టి అన్నీ ఒక్కసారిగా లోపలికి. గోడలకు కొట్టుకుంటూ పోయిన చప్పుడు. తర్వాత ఏమీ లేదు. తర్వాత, మనం మరిచిపోయాక, నీళ్ల చప్పుడు.

మల్లయ్య అక్కడే కూలబడ్డాడు. బుచ్చన్న మామ విరిగిన దూలం ముక్క చేతిలోకి తీసుకున్నాడు. వేళ్ల మధ్య పొడి అయింది.

"కొత్త తాడు తెప్పిచ్చిన. తాడునే చూసిన. కట్టెను చూడలే" అన్నాడు. మళ్లీ అదే— "కట్టెను చూడలే నర్సిగా."

తిట్లు నోటిదాకా వచ్చాయి. ఒక జీవితకాలం సరిపోయేన్ని. ఒక్కటీ బయటికి రాలేదు. ముసలివాడు పసిపిల్లాడిలా పొడి చేతిలో పట్టుకుని ఉన్నాడు. నేను మల్లయ్య రెక్క పట్టుకుని లేపి ఇంటికి తెచ్చాను. తోవంతా వాడి రెక్క వదల్లేదు. వాడూ విదిలించుకోలేదు.

గురువారం.

అమ్మకు చెప్పకూడదనుకున్నాం. మా కంటే ముందు ఎల్లమ్మత్త చెప్పేసింది. అమ్మ చీపురు తీసుకుని మల్లయ్యను వాకిలి చుట్టూ తరిమింది. దొరికినచోటల్లా వేసింది. వాడు కొట్టించుకున్నాడు, నవ్వుకుంటూ. తర్వాత అదే చేత్తో వాడికి అన్నం తినిపించింది. అంత పెద్దవాడికి. నేను అటు తిరిగి కూర్చున్నాను.

శుక్రవారం.

చెంబెడు మేకపాలు గడప మీద ఉన్నాయి. ఎవరు పెట్టారో అడగక్కర్లేదు.

బావి దగ్గర మాట్లాడినవాడు ఇవాళ నా కడవ ఎత్తి భుజం మీద పెట్టాడు.  సరే.

ఈ రెండు రోజులుగా గాలి కూడా వేరుగా ఉంది. కంకర కొడుతుంటే సుత్తె చప్పుడు బాగుంది. నాకేనా అనుకున్నాను. రోడ్డు మేస్త్రి కూడా అన్నాడు: "ఏందిరో, ఇయ్యాల రాయిని తిట్టుకుంట కొడ్తలెవ్వు?"

చైత్రం. మంగళవారం.

కొత్తకోట నుంచి సాబ్ జవాను వచ్చాడు. గని కోసం కాదు. సాబ్ ఇంకో తాలూకాకు పోతున్నాడు, సర్వే గొలుసు పట్టడానికి మనిషి కావాలట. "ఆ రోజు తొట్టిల కాలు పెట్టిన పోరడు" కావాలట. నెల జీతం. తిండి డేరాలోనే.

అమ్మ అడిగింది: "గనులల్ల దింపుతరా?"

"నేల మీద పనే అమ్మా. గొలుసు పట్టుడు, జెండ పాతుడు" అన్నాడు జవాను. మళ్లీ తనే, "ఎప్పుడన్న సాబ్ చెప్తే దిగాలె. నౌకరి గదా."

అమ్మ కొంగు నోటికి పెట్టుకుంది. "మీ అన్ననడుగు" అంది మల్లయ్యతో. అప్పుడు బుచ్చన్న మామతో కొడుకుల్ని అడగమంది. ఇప్పుడు నా మీదికొచ్చింది.

మల్లయ్య నా ఎదురుగా కూర్చున్నాడు. నా సుత్తె కూడు మాట ఎత్తలేదు. మీసం దువ్వలేదు.

"పోనా అన్నా?"

"దిగమంటే?"

"దిగే ముందు కట్టెను చూస్త. తాడునొక్కటే చూడ."

"చూసినా ఇరిగితే?"

"గట్లయితే నువ్వు కొట్టే రాయి ఎగిరొచ్చి కన్ను పోదా? అన్నీ అడిగితే నేనేం చెప్పాలె?"

వాడు పుట్టాక నన్ను అడిగి ఏ పనీ చేయలేదు. ఇప్పుడు అడుగుతున్నాడు, నేను అవునంటే పోతాడు, కాదంటే ఆగుతాడు. ఆగుతాడని తెలుస్తోంది, అదే కష్టం. ఇక్కడ ఆగితే నాలాగే రోడ్డు పక్కన కూర్చుని రాయిని తిడతాడు.

"పొద్దుగాల చెప్త" అన్నాను.

జవాను ఇవాళ మా అరుగు మీదే పడుకుంటాడట. పొద్దున్నే అతని బండి కొత్తకోటకు పోతుంది. ఎడ్లు నీళ్లు తాగలేదు, ఇంటి ముందు నిలబడి రొప్పుతున్నాయి. పొద్దున దూరం పోవాలి కదా, వాటికి నీళ్లు పెట్టి, ఇంత మేత వేసి వచ్చాను.

మల్లయ్యకు ఇంకా చెప్పలేదు.